బడికి పోతున్న అవ్వ

వికారాబాద్ నుంచి తాండూరు పోయే బస్సులో నా పక్కన ఎనభై దాటిన అవ్వ కూర్చుంది. బడికి పోతున్నానంది.

"గీ వయసుల బడా? నేనైతే ఏడో తరగతిలనే గోడ దుంకి పారిపోయిన అవ్వా!" అన్నాను. బస్సంతా నవ్వింది.

అవ్వ కూడా నవ్వింది. "నేను గూడ పారిపోయిన కొడకా. చిన్నప్పుడు రజాకార్లు మా ఊరు కాలవెట్టిన్రు. జొన్నచేన్ల ఉరుకుతుంటె తమ్ముని చెయ్యి జారింది. భయానికి ఎనుకకు సూడలే. మల్ల వాడు దొరకలే. గదే పిల్లలకు చెప్పనీకి పోతున్న."

నా మొహం మీది నవ్వును ఎక్కడ దాచుకోవాలో తెలియలేదు.

బడి దగ్గర బస్సు ఆగింది. "నువ్వు గూడ రారాదా, ఎనుక బెంచీల కూసుందువు," అంది.

"పనుంది అవ్వా," అన్నాను.

పనేం లేదు. బడి నుంచి మళ్లీ పారిపోయాను.