డిశ్చార్జ్ అంటే

నా చిన్నప్పుడు మా ఇంట్లో ఇంగ్లీషు అక్షరాలు తెలిసినదాన్ని నేనొక్కదాన్నే. తెలంగాణ వచ్చిన కొత్త అది. మా ఊరు మహబూబ్‌నగర్ నుంచి బస్సులో గంట దూరం. అవ్వకు చదువు లేదు. అమ్మ సంతకం నేర్చుకుంది కానీ, అందరి ముందు చెయ్యాలంటే వేలిముద్రే వేసేది. నాయిన హైదరాబాద్‌లో సెంట్రింగ్ పని చేసేవాడు. లేస్తున్న మేడలకు స్లాబు పోయకముందు కింద కర్రలు, పలకలు బిగించే పని. పదిహేను రోజులకోసారి ఊరికి వచ్చినప్పుడు నా ఇంగ్లీషు పుస్తకం చేతిలోకి తీసుకుని బొమ్మలు చూసి పెట్టేసేవాడు. నాకు వచ్చిన ఇంగ్లీషు కూడా పండ్ల పేర్లు, జంతువుల పేర్ల వరకే. అయినా మా వాడకట్టులో ఎవరింటికి మందు సీసా వచ్చినా నన్ను పిలిచి దాని మీద ఏముందో చదవమనేవారు. నేను అక్షరాలు కూడబలుక్కుని గట్టిగా చదివితే, అర్థం అయినట్టే తలలూపేవారు.

నా అసలు చదువు పక్కింటి అక్క దగ్గర సాగింది. అక్క డిగ్రీ అయ్యాక బీఎడ్ చేసింది. రాష్ట్రం వస్తే టీచరు పోస్టులు పడతాయని ఊళ్లో అందరూ అన్నారు. రాష్ట్రం వచ్చింది, పోస్టులు మాత్రం రేపు మాపు అంటూనే ఉన్నాయి. అక్క రోజూ సాయంత్రం వాళ్ల అరుగు మీద పేపరు పరుచుకుని, తెలుగు వార్తల మధ్య దొర్లే ఇంగ్లీషు మాటలను ఏరి నన్ను అడిగేది. ఒకే మాట ఒక చోట ఒక రకంగా, ఇంకో చోట ఇంకో రకంగా ఎందుకుంటుందని నేను విసుక్కుంటే, "ఒట్టి మాటను చూడకే. దానికి అటు ఏమున్నది, ఇటు ఏమున్నది, చూడు" అనేది.

ఆ ఏడు వానాకాలంలో నాయినకు కడుపునొప్పి మొదలైంది. గ్యాస్ అని గోళీలు వేసుకుంటూ చాలా రోజులు పనికి పోయాడు. కళ్లు పచ్చబడ్డాక కామెర్లని పసరు తాగించారు. అన్నం పోవడం మానేశాక మహబూబ్‌నగర్ తీసుకుపోతే, అక్కడివాళ్లు హైదరాబాద్‌లోని పెద్ద దవాఖానకు పంపారు. కడుపులో గడ్డ ఉంది, ఆపరేషన్ చెయ్యాలన్నారు. అమ్మ నాయినతో ఉండిపోయింది. ఇంట్లో నేనూ అవ్వా మిగిలాం.

డిశ్చార్జ్ అన్న మాట మా ఇంట్లోకి వచ్చింది ఆ రోజుల్లోనే. మొదట ఫోను రూపంలో వచ్చింది. అమ్మ ఫోను రెండు రోజులు మోగలేదు. ఎన్నిసార్లు చేసినా ఎవరో ఆడమనిషి గొంతు ఏదో చెప్పి పెట్టేసేది. అవ్వ ఆ గొంతు దవాఖాన నర్సుదే అనుకుని, "అమ్మా, నా కొడుకెట్లున్నడు?" అని అడుగుతూ ఉండేది. ఏదో అయిపోయిందనే భయంతో ఆమె పొయ్యి కూడా వెలిగించలేదు. పక్కింటి అక్క వచ్చి ఫోను చెవి దగ్గర పెట్టుకుని విని, "డిశ్చార్జ్ అయినట్టుంది అవ్వా. ఫోన్ల ఛార్జి అయిపోయిందన్నట్టు. గంతే" అంది. ఆ మాట వినగానే అవ్వ లేచి బియ్యం కడిగింది.

ఆ వారంలోనే అదే మాట పేపర్లో కనిపించింది. ఎగువన కర్ణాటకలో వానలు పడి జూరాల గేట్లు ఎత్తారనీ, దిగువకు డిశ్చార్జ్ పెరిగిందనీ రాశారు. "అయితే డ్యాములో ఛార్జి అయిపోయిందా అక్కా?" అని అడిగాను. అక్క పేపరు ముఖం మీద కప్పుకుని నవ్వింది. నేనూ నవ్వాను. ఆ ఏడాదిలో మేమిద్దరం కలిసి నవ్వింది అదొక్కసారే అనుకుంటా. మా ఊరి మీదికి మాత్రం మబ్బులు వచ్చి పోతుండేవి. మక్కచేలు ఆకులు చుట్టుకుని నిలబడ్డాయి. నదిలో అంత నీళ్లు పోతున్నాయన్న సంగతి మాకు పేపర్లో చదువుకోవడానికే పనికొచ్చింది.

ఆపరేషన్ అయిన కొన్నాళ్లకు అమ్మ ఫోన్ చేసి, "కుట్ల కాడ డిశ్చార్జ్ వస్తున్నదంటున్నరు" అని ఏడ్చింది. అంటే చీము అని అక్క చెప్పింది. ఫోను, డ్యాము, చీము, అన్నిటికీ ఒకటే మాటేమిటని నాకు కోపం వచ్చింది. అక్క నన్ను పక్కన కూర్చోబెట్టుకుంది. లోపల పట్టి ఉంచుకున్నదాన్ని బయటికి వదిలెయ్యడం, ఆ మాట మూలంలో ఉన్నది అంతేనని చెప్పింది. బ్యాటరీ కరెంటును వదిలేస్తుంది, డ్యాము నీళ్లను వదిలేస్తుంది, పుండు చీమును వదిలేస్తుంది. నాకు బాగా అర్థమైందనిపించింది.

అందుకే అమ్మ మళ్లీ ఫోన్ చేసి, "రేపు నాయినను డిశ్చార్జ్ చేస్తున్నరు బిడ్డా" అన్నప్పుడు నేను ఎవరినీ ఏమీ అడగలేదు. ఈ డిశ్చార్జ్ మా వాడకట్టులో అందరికీ తెలిసిందే. కాన్పుకు పోయిన ఆడవాళ్లు డిశ్చార్జ్ అయి బిడ్డను ఎత్తుకుని వచ్చేవారు. పాము కరిచిన ఎదురింటి మామ డిశ్చార్జ్ అయి బస్టాండు నుంచి నడుచుకుంటూ వచ్చాడు. డిశ్చార్జ్ అంటే రోగం మనిషిని వదిలేసిందని. అమ్మ కూడా ఆ మాటను నవ్వుతూ, ఏడుస్తూ చెప్పింది.

మేము చర్చికి పోయే వాళ్లం. అవ్వ ఆ సాయంత్రమే పాస్టరయ్య ఇంటికి పోయి, రేపు మా ఇంట్లో కృతజ్ఞత ప్రార్థన పెట్టమని అడిగింది. వాకిలి అలికింది. ఉన్న రెండు కోళ్లలో ఒకదాన్ని కోయించింది. నేను బడిలో సెలవు అడిగి, క్రిస్మస్‌కు కుట్టించిన గౌను వేసుకున్నాను. పక్కింటి అక్క ఒకసారి గడప దగ్గరికి వచ్చి, "చిన్నమ్మ ఇంకేమన్న చెప్పిందా?" అని అడిగింది. మా అమ్మను ఆమె చిన్నమ్మ అనేది. ఏమీ చెప్పలేదన్నాను. ఏదో అడగబోయి, నా గౌను వంక చూసి వెళ్లిపోయింది.

నాయిన మధ్యాహ్నం వచ్చాడు. బస్సులో కాదు, అంబులెన్సులో. డ్రైవరూ మా మేనమామా కలిసి బట్టలో పడుకోబెట్టి లోపలికి మోశారు. పొట్ట పెద్దగా ఉంది. చేతులు మాత్రం నా చేతుల్లా సన్నబడ్డాయి. నా గౌను చూసి, "పండుగొచ్చిందా బిడ్డా?" అని నవ్వాడు. వాడకట్టు అంతా వచ్చింది. పాస్టరయ్య మంచం పక్కన నిలబడి, చావు నోట్లోంచి మనిషిని తెచ్చి ఇచ్చినందుకు దేవునికి స్తోత్రం చెప్పాడు. అందరూ ఆమెన్ అన్నారు. కళ్లు మూసుకుని నాయిన కూడా ఆమెన్ అన్నాడు. అవ్వ కోడికూర కలిపి ఒక ముద్ద నోట్లో పెడితే, చాలాసేపు నమిలి, ఎవరూ చూడనప్పుడు గుడ్డలో ఉమ్మేశాడు. నేను చూశాను.

అందరూ వెళ్లాక పక్కింటి అక్క వచ్చి పెరట్లో అమ్మ పక్కన కూర్చుంది. నేను అక్కడే గిన్నెలు తోముతున్నాను.

"చిన్నమ్మా, మళ్లెప్పుడు రమ్మన్నరు?"

"రమ్మనలే. ఇంట్ల పెట్టుకొని మంచిగ చూసుకొమ్మన్నరు."

"గడ్డ తీసేసిండ్రా?"

"కడుపు కోసిండ్రు, కుట్టిండ్రు. తీసిండ్రో లేదో నేనెట్ల అడుగుదు? గా పెద్ద డాక్టరు చుట్టూ ఎంత మందో. డిశ్చార్జ్ అన్నడు, నేను దండం పెట్టిన."

"మందులు?"

"నొప్పికి గోళీలిచ్చిండ్రు. గంతే."

అక్క నేల మీద పుల్లతో ఒక గీత గీసింది. "చిన్నమ్మా, నయమైతెనే పంపుతరని లేదు" అంది.

అమ్మ అంత కోపంగా మాట్లాడడం నేను అంతకు ముందు వినలేదు. "మూయ్ నోరు! ప్రార్థన అయి ఇంకా గంట కాలే. నీ ఇంగ్లీషు నీ ఇంట్ల పెట్టుకో. సదివి సదివి నౌకరి లేక మంది కొంపల మీద పడ్డవ్" అని అరిచింది. అక్క ముఖం పాలిపోయింది. లేచి, నా చేతిలోని గిన్నె తీసుకుని కడిగి బోర్లించి వెళ్లిపోయింది.

మరునాడు అమ్మ నీళ్లకు పోయినప్పుడు నాయిన నన్ను పిలిచి, పక్కింటి అక్కను తీసుకురమ్మన్నాడు. అక్క వచ్చి గుమ్మం దగ్గరే నిలబడింది.

"రా బిడ్డా, కూసో. నిన్న మీ చిన్నమ్మ లొల్లి చేస్తే ఇన్న. గా డిశ్చార్జ్ అంటే ఏందో జర చెప్పు."

అక్క నా వైపు చూసింది.

"దాన్ని ఉండనియ్యి" అన్నాడు నాయిన.

అక్క మంచం పక్కన కింద కూర్చుంది. నాయిన ముఖానికి సరిగ్గా తన ముఖం వచ్చేలా జరిగి కూర్చుంది. "చిన్నాయినా, నేను డాక్టరును కాదు. నాకు తెలిసింది మాట ఒక్కటే. దవాఖానల డిశ్చార్జ్ అంటే పంపిచ్చుడు. రోగం తగ్గినా పంపిస్తరు. ఇంక చేసేదేం లేకపోయినా పంపిస్తరు. రెండింటికి గదే మాట అంటరు."

"మరి నన్ను ఎందుకు పంపిండ్రు?"

"నాకు తెల్వదు."

"నువ్వేమనుకుంటున్నవో చెప్పు."

అక్క కళ్లలోంచి నీళ్లు కారుతున్నాయి. తుడుచుకోలేదు. "తగ్గినందుకు కాదనుకుంటున్న చిన్నాయినా" అంది.

నాయిన పైన రేకుల వైపు చూశాడు. "నొప్పి పోలే గద. నొప్పి పోకుండ నయమెట్లయితదని నాకూ అనిపిస్తనే ఉండె" అన్నాడు. తర్వాత, "మంచిగ చెప్పినవ్ బిడ్డా. ఆడ ఇన్ని రోజులుంటే ఒక్కరు కూసోని చెప్పలే" అన్నాడు.

నేను అక్క భుజం పట్టుకుని ఊపుతూ, "అంటే నాయిన బాగుగాడా?" అని అడిగాను. అక్క నన్ను ఒళ్లోకి లాక్కుని, "కాడు" అంది. దేవుడున్నాడనలేదు, చూద్దాం అనలేదు. అమ్మ నీళ్లబిందెతో తిరిగి వచ్చేదాకా నన్నలాగే పట్టుకుని అక్కడే కూర్చుంది. అమ్మ వచ్చి, మా ముగ్గురి ముఖాలు చూసి, బిందె దించడం మరిచిపోయి నిలబడింది.

ఆ రోజు తర్వాత మా ఇంట్లో అద్భుతమేదీ జరగలేదు. మేనమామ ఇంకో దవాఖాన పేరు చెబితే నాయిన వద్దన్నాడు. జొన్నగటక మీద మజ్జిగ పోసి రెండు చెంచాలు పెట్టమనేవాడు, అంతే. నొప్పి లేనప్పుడు నన్ను పిలిచి, "ఏమన్న అడుగు" అనేవాడు. ఏం అడగాలో నాకు తెలిసేది కాదు. ఒకరోజు, అంత ఎత్తు మీద పని చేస్తే భయం కాదా అన్నాను. మొదటిసారి ఆరో అంతస్తు ఎక్కిన రోజు కాళ్లు వణికి, పలక మీద కూలబడి ఏడ్చాడట. పక్కనున్న మన పాలమూరు మనిషి ఒకాయన, దిగే దాకా అంగీ వెనక నుంచి గుప్పిట్లో పట్టుకుని ఉన్నాడట. నాయిన కూడా ఏడుస్తాడని నాకు అప్పుడే తెలిసింది. బతుకమ్మకు పిల్లలు తంగేడు పూలు ఏరుకొస్తున్న రోజుల్లో ఒక ఉదయం నాయిన పోయాడు.

అమ్మ పక్కింటి అక్కను క్షమించలేదు. ఆ పిల్ల నోటితో అన్నందుకే అట్లా అయిందని ఏళ్ల తరబడి అంది. కొన్నాళ్లకు నన్నూ అవ్వనూ ఊళ్లోనే వదిలి తానూ హైదరాబాద్ కూలికి పోయింది. అక్క ఎదురుచూసిన పోస్టులు పడేసరికి ఆమెకు పెళ్లయింది, కట్టంగూర్ దగ్గరి ఊరికి పోయింది, చంటిపిల్లతో పరీక్ష రాసింది, ఉద్యోగం రాలేదు. ఈ మధ్య ఒక పెళ్లిలో కలిసింది. బట్టల దుకాణంలో బిల్లులు కొడుతున్నానంది. పేపరు చదవడం ఎప్పుడో మానేసిందట. నా చదువు కూడా ఇంటర్‌తో ఆగిపోయింది. ఆమెతో నాయిన గురించి మాట్లాడాలనుకున్నాను కానీ, ఆమె పిల్ల ఏడుస్తుంటే లేచి వెళ్లిపోయింది.

పోయిన ఏడాది అవ్వను మహబూబ్‌నగర్‌లో ఒక దవాఖానలో చేర్చాం. ఒక ఉదయం చిన్న వయసు డాక్టరు వచ్చి, చూసి, "డిశ్చార్జ్ రాస్తున్నా" అని పక్క మంచం వైపు తిరిగాడు. అమ్మ చేతులు జోడించింది. నేను వెళ్లి ఆయనకు అడ్డంగా నిలబడ్డాను.

"సార్, తగ్గిందని పంపుతున్నరా, తగ్గదని పంపుతున్నరా?"

ఆయన ఆగాడు. నన్ను చూసి, అవ్వను చూసి, గొంతు తగ్గించి, "తగ్గదమ్మా" అన్నాడు. అమ్మ జోడించిన చేతులు అలాగే ఉండిపోయాయి. నేను అవ్వ మంచం మీద, ఆమె ముఖానికి ఎదురుగా కూర్చున్నాను. ఆమెకు అర్థమయ్యే మాటలతో చెప్పాను. అవ్వ నా చెయ్యి పట్టుకుని, "అయితే ఇంటికి పోదాం పా" అంది. నెల తిరగకుండానే ఇంట్లోనే పోయింది.

ఇప్పుడు మా వాడకట్టులో ఎవరినైనా దవాఖాన నుంచి పంపిస్తున్నారంటే, నన్ను తోడు రమ్మంటారు. వెళ్తాను. డాక్టరు ముందు నిలబడి అదే మాట అడుగుతాను. ఎక్కువసార్లు వచ్చేది, వినకూడదనుకున్న జవాబే. అప్పుడు వెనక ఉన్న ఇంటివాళ్లకు ఎదురుగా కూర్చుని చెప్పడానికి చోటు వెతుకుతాను.