బాపు దాటని సుద్దగీత

మా బాపు ముప్పై రెండేళ్లు బొగ్గు బాయిలో కప్పు కింద దుంగలు నిలబెట్టే పని చేశాడు. రిటైరయ్యాక ఇంట్లో టీవీతో పోట్లాడుతూ కూర్చున్నాడు. నేను బళ్లో కంప్యూటర్ పాఠాలు చెబుతాను. కర్మ కాలి, బాయి రక్షణ వారోత్సవాల నాటకంలో వేషం వెయ్యమని నేనే బతిమాలి ఒప్పించాను.

నాటకం చిన్నదే. జాగ్రత్త లేని కార్మికుడు దుంగలు పెట్టని కప్పు కిందికి వెళ్తాడు, కప్పు కూలుతుంది, చస్తాడు. నా గొప్పంతా వెనక తెరలో ఉంది. వేదిక ముందు పెట్టిన కెమెరా, ఆ కార్మికుడి వేషంలోని బాపు కదలికను పట్టుకుంటుంది. బాపు నడిస్తే తెర మీద బాయి కదులుతుంది, వేదిక మీద గీసిన సుద్దగీత దాటితే కప్పు కూలుతుంది. మూడు నెలల ఆదివారాలు దానికే పోశాను. "బొమ్మలాటకు గింత తండ్లాట ఎందుకు మేడం?" అన్న మా హెడ్మాస్టర్ ఆ రోజు ముందు వరుసలోనే కూర్చున్నాడు. కప్పు కూలకపోతే సోమవారం బళ్లో తలెత్తుకోలేను.

రిహార్సల్లో తెర లేదు, గీత ఒక్కటే. బాపు ఇరవై సార్లు దాటాడు, ఇరవై సార్లు చచ్చాడు. ఒకసారి చచ్చి పడున్నప్పుడే చాయ్ అడిగాడు.

అసలు రోజు క్లబ్బు హాలు నిండిపోయింది. లైట్లు ఆర్పగానే తెర మీద చీకటి బాయి తెరుచుకుంది. టోపీ లైటుతో బాపు నడిచాడు, బాయీ కదిలింది, జనం చప్పట్లు కొట్టారు. గీత దగ్గరికి రాగానే స్పీకర్లలో కప్పు చిటపటమంది. బాపు ఆగిపోయాడు.

చేతిలోని కర్ర ఎత్తి, బాయిలో కప్పు గట్టిదనం చూసినట్టే తెరను తట్టాడు. చెవి పెట్టి విన్నాడు.

"డొల్ల మోగుతుంది. కప్పు ఊడేటట్టుంది. నేను పోను."

"దాటు బాపూ, దాటు!" అని పక్కనుంచి పళ్లు కొరికాను.

"జర ఆగు బిడ్డా. ముందుగాల దుంగ పెట్టాలె."

ముందు వరుసల్లోని రిటైరైన కార్మికులు లేచారు. "పోకే అన్నా! ఎనకకు రా!" ఒకాయన వేదికెక్కి బాపు చొక్కా పట్టి వెనక్కి లాగాడు. ఇంకో ఇద్దరు లేని దుంగను మోసుకొచ్చి లేని కప్పు కింద నిలబెట్టారు. ఒక్క మనిషి కోసం రాసిన నా ప్రోగ్రాం నలుగురిని చూసి బిగుసుకుపోయింది. చావాల్సిన కార్మికుడు జనానికి దండం పెట్టి దిగిపోయాడు. హాలంతా ఈలలు. హెడ్మాస్టర్ నవ్వి నవ్వి కళ్లు తుడుచుకుంటున్నాడు.

నాకు ఒళ్లు మండిపోయింది. "అది గుడ్డ బాపూ! ఉత్త గుడ్డ!"

"నాకెరుకనే బిడ్డా," అన్నాడు తల దించుకుని. "కాలుకు ఎరుక లేదు."

ఇంకేదో అనబోతుంటే జనంలోంచి వచ్చి, నన్ను కన్న అవ్వ నా చెయ్యి పట్టుకుంది. ఆమె కళ్లు తడిగా ఉన్నాయి.

"ఊకో బిడ్డా. అన్నేండ్లు షిఫ్టు దిగే యాళ్లకు గడపల కూసోని మీ బాపు కోసం ఎదురుచూసిన. రోజూ ఎట్ల ఇంటికొచ్చిండో ఇయ్యాల నా కండ్లతోటి చూసిన."