ఉన్నాయి బాబాయ్

"...పైగా ఆ ఆయా నలుగురి ముందూ అడిగింది, మీ ఆయన రోజూ మా బడి గేటు దగ్గర ఎవరికోసం నిలబడుతున్నాడమ్మా అని. ఏం చెప్పమంటావు? మా ఆయనకి లేని కూతురొకతి ఉంది, దాన్ని ఇంటికి తీసుకెళ్లడానికొస్తాడు అని చెప్పనా?"

"నెమ్మదిగా మాట్లాడు. కింద సైకిల్ షాపాయన వింటాడు."

"విననీ. వినని వాళ్లింకెవరున్నారు గనక? కన్నది నేనేనంటున్నావు కదా. కన్నదాన్ని, నాకు తెలియదా?"

కింద గాలి కొడుతున్న పంపు చప్పుడు ఆగిపోయింది. అతను లేచి కిటికీ రెక్క మూశాడు. ఆవిడ దిండు గలీబుల కుప్పను ఒళ్లోకి లాక్కుని మళ్లీ కుట్టుపనిలో పడింది.

విధిని మార్చడం నేర్పే బడిలో అతను సాధన మనిషి. క్షవరం నేర్చుకునేవాడికి ఒక తల కావాలి. అక్కడి విద్యార్థులకి చేతికందే ఒక జీవితం కావాలి. పనిలో చేర్చుకున్న రోజునే, ఆ బడి నడిపే పెద్దమ్మగారు, "ఎగుడుదిగుళ్లు లేని జీవితం, ఏ మూలకైనా చెయ్యి పడుతుంది," అన్నారు. అది మెప్పో ఎత్తిపొడుపో అతనికి ఇప్పటికీ తేలలేదు. తరగతి మధ్యలో చేతుల కుర్చీలో కూర్చునేవాడు. ఒకడు వచ్చి అతని చిన్నప్పుడు విరిగిన పన్ను విరగకుండా చేసేవాడు, ఇంకొకడు మళ్లీ విరగ్గొట్టేవాడు. ఒకసారి అతని తండ్రి చావును వాయిదా వేసి, గంట కొట్టే వేళకి మళ్లీ చంపేశారు. జీతం మనిషి కనక అదీ భరించాడు.

మార్చినదాన్ని పాఠం ముగిసేలోగా ఉన్నచోట పెట్టెయ్యాలి. పెట్టారో లేదో కుర్చీలో కూర్చున్నవాడికే తెలుస్తుంది. వాడికొక్కడికే రెండు బతుకులూ గుర్తుంటాయి, మిగతా లోకానికి మిగిలిందే నిజం. అందుకే చివర్లో పంతులమ్మ అడుగుతుంది, "ఉన్నవన్నీ ఉన్నాయా?" అని. అతను కళ్లు మూసుకుని, ఇల్లంతా గదిగదీ తిరిగినట్టు తన బతుకంతా తిరిగొచ్చి, "ఉన్నాయి" అనాలి. ఆ మాటతో ముడి పడిపోతుంది. పడ్డ ముడిని విప్పే విద్య ఆ బడిలో ఎవరికీ రాదు.

మొదట్లో అతను ఎంత నిదానంగా చూసుకునేవాడంటే వెనక బెంచీల వాళ్లు ఆవలించేవాళ్లు. ఏళ్లు గడిచాయి. ఎప్పుడు చూసినా ఉన్నవన్నీ ఉన్నాయి. పోనుపోను పంతులమ్మ అడగడం పూర్తికాకముందే మాట అనేసేవాడు. పిల్లలు అతనికి 'ఉన్నాయి బాబాయ్' అని పేరు పెట్టారు. నవ్వుకునేవాడు.

ఆ రోజు పాఠం చాలా చిన్నది. ఎప్పుడో పెళ్లికి ముందు అతను ఎక్కిన బస్సును తప్పించి, మళ్లీ అదే బస్సు ఎక్కించాలి. కొత్తగా చేరిన అమ్మాయి కంగారులో దాని వెనకాల బస్సు ఎక్కించింది. బస్సు మారినా అదే ఊరు వచ్చింది, అదే పెళ్లి అయింది. దారిలో ఎక్కడో ఒక పిల్ల పుట్టకుండా పోయింది. అతను చూసుకోలేదు. కూతురి బడి వదిలే వేళవుతోంది, ఆలస్యమైతే అది అలుగుతుంది. "ఉన్నాయి" అనేసి పరుగున వెళ్లాడు. పిల్లలందరూ వచ్చేశారు. ఆయా గేటుకు తాళం వేసింది. ఇంటికొస్తే, దాని మంచం ఉండాల్సిన చోట గలీబుల మూటలున్నాయి.

అప్పట్నుంచి, పొరపాటున వస్తుందేమోనని, రోజూ ఆ గేటు దగ్గర నిలబడుతున్నాడు.

కుట్టుపని ఆపకుండానే భార్య అడిగింది. "ఇవాళ మీ పెద్దమ్మగారిని కలుస్తానన్నావుగా. ఏమందావిడ?"

"నేను 'ఉన్నాయి' అన్నానంది. అందరూ విన్నారంది."

"అంతేనా?"

"నా బుర్రలోంచి పిల్లని తీసేస్తారట. నొప్పి కూడా ఉండదట."

ఆవిడ మొహం తేటపడింది. "మరింకేం? వెళ్లి తీయించుకో. మనశ్శాంతిగా ఉంటావు, నన్నూ ఉండనిస్తావు."

"తీసేస్తే అది ఇంకెక్కడా ఉండదు."

ఆవిడ దారం కొరికి, కొత్త దారం కోసం చెయ్యి చాపింది. తలెత్తకుండానే అడిగింది. "ఎలా ఉండేదేంటి?"

"గొణుగుతుండేది. బొత్తాలు పెట్టుకుంటూ గొణుగుడే, చెప్పులేసుకుంటూ గొణుగుడే. గొణుగుడమ్మా అని పిలిచేవాణ్ణి. అచ్చం నీ పోలికే."

"నేనెప్పుడు గొణిగాను?"

"ఇందాకట్నుంచీ."

నవ్వబోయి ఆగిపోయింది.

"నువ్వు కుట్టుకుంటుంటే వెనకనుంచి వచ్చి నీ భుజం మీద గడ్డం ఆనించేది. సూది గుచ్చుకుంటుందే, జరుగు అని కసిరేదానివి. జరిగేది కాదు."

ఆవిడ సూదిలోకి దారం ఎక్కించబోయింది. ఎక్కలేదు. దారం కొస తడిచేసి మళ్లీ ప్రయత్నించింది. సూదిని గలీబుకి గుచ్చి పక్కన పెట్టింది.

"ఇంకో దారేం చెప్పలేదా ఆవిడ?"

అది చెప్పకూడదని మెట్లెక్కుతూ అనుకున్నాడు.

"చెప్పింది. నీక్కూడా గుర్తు చెయ్యగలరట. కన్న నొప్పి దగ్గర్నుంచి, జ్వరాలు, పేచీలు, అన్నీ వస్తాయి. పిల్ల మాత్రం రాదు. ఒకసారి గుర్తొచ్చాక మళ్లీ తియ్యడం మనిద్దరికీ కుదరదంది. నేనొక్కణ్ణి ఏడుస్తున్నది చాలు, మా ఆవిడ జోలికి రావొద్దండీ అని చెప్పి వచ్చేశాను."

కింద పంపు మళ్లీ మొదలైంది. ఆవిడ ఒళ్లోని గలీబులను ఒక్కొక్కటే మడతపెట్టి మూటకట్టింది.

"రేపు పొద్దున్న నేనూ వస్తాను," అంది. "నాకూ గుర్తు చెయ్యమను."