పలకని నడిమి స్పీకరు

పదేళ్ళు ఒక ప్లాస్టిక్ ముక్కను మోశాను. గోరంత ఉంటుంది. మోయలేకపోయాను. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు తెలియదు. అందుకే మీకు చెప్పుకోగలుగుతున్నాను.

ముందు నా ఘనత వినండి. శ్రీకాకుళం నుంచి శృంగవరపుకోట దాకా ఎవరు హోం థియేటర్ కొన్నా నాకే కబురొచ్చేది. ఐదు స్పీకర్లు, గుండెలదిరేలా మోగే ఆ పెద్ద డబ్బా, డిస్కు ప్లేయరు, అన్నీ కళ్ళు మూసుకుని టీవీకి కలిపేవాణ్ణి.

ఇదిగో, మొదట్లోనే కోతలు కోసేశాను. శృంగవరపుకోటకు నేను వెళ్ళింది ఒక పెళ్ళి భోజనానికి. అరసవల్లిలో బల్బులు, స్విచ్చులు అమ్మే చిన్న కొట్టు నాది. నేను కలిపినవి మొత్తం మూడు. అందులో ఒకటి సరిగా పలకలేదు. ఆ పలకనిది మా బావది.

బావ అంటే మా అక్క భర్త. సముద్రం ఒడ్డున చేపల వ్యాపారం. పడవలు రాగానే ఇసుక మీద చేపలు కుప్పలు పోసి వేలం వేస్తారు. అలల హోరు, కాకుల గోల, పదిమంది ఒక్కసారే అరిచే ధరలు. అంత రొదలోనూ ఎవరి నోట ఎంత వచ్చిందో పట్టుకోగలిగినవాడికే కుప్ప దక్కుతుంది. బావ చెవికి ఆ ఒడ్డంతా పేరు.

బావ హోం థియేటర్ కొన్న రోజు ఆ ఇంట్లో మేం ముగ్గురమే. పెట్టెలో వచ్చిన పుస్తకం చూసి కలపమంది అక్క. నాకా, పుస్తకం! ప్లేయరు వెనక ఒక్కో స్పీకరుకు ఒక్కో చిన్న క్లిప్పు ఉంటుంది. వేలితో నొక్కి, వైరు దూర్చి, వదిలేయాలి. నడిమి స్పీకరు క్లిప్పును నేను స్క్రూడ్రైవరుతో నొక్కాను. టప్‌మంది. విరిగిన ముక్కను జేబులో వేసుకున్నాను. వైరును వెనక్కి మడిచేసి, స్పీకరును మాత్రం టీవీ ముందు అందంగా నిలబెట్టాను. సినిమాలో మాటలు ఎక్కువగా ఆ నడిమిదాంట్లోంచే వస్తాయి. నాకది తెలుసు. తెలిసే చేశాను.

డిస్కు పెట్టగానే పాటకు ఇల్లు అదిరింది. తరవాత మాటలు మొదలయ్యాయి. బావ ముందుకు వంగాడు.

"ఒరే, డప్పులు ఇనబడతన్నాయి గానీ ఆలు ఏటి మాటాడుకుంటన్నారో తెలటం నేదురా."

"నాకు బాగానే తెలుస్తన్నాది బావా. నీ సెవే తగ్గినట్టున్నాది. వయసు కదేటి."

"నాకూ తెలటం నేదురా" అంది అక్క.

"నువ్వు గిన్నెలు తోముకుంటా సూస్తే నీకేటి తెలుస్తాది?"

అక్క నవ్వేసింది. బావ నవ్వలేదు. చెవి తడుముకున్నాడు.

అప్పుడే జేబులోంచి ముక్క తీసి చూపించి ఉంటే? రెండు తిట్లు తిట్టేవాడు, అయిపోయేది. కానీ స్పీకర్లు కలపడం రానివాడినని అక్క ముందు తేలిపోవడం కంటే, బావకు చెవుడని తేలడమే నాకు తేలికనిపించింది. ఇది ఎలాంటి మనిషి ఆలోచన?

వారం తిరగకముందే వేలంలో బావకు ఒక ధర అందలేదు. ఆ హోరులో ఎవరికైనా జరిగేదే. మునుపైతే "ఎంత?" అని అరిచి అడిగేవాడు. ఆ రోజు అడగలేదు. కుప్ప ఎవరో పట్టుకుపోయారు. మర్నాడు అక్కను పంపాడు. మళ్ళీ వేలానికి వెళ్ళలేదు. ఇంట్లో మామూలు మాటలు బాగానే వినబడేవి. గోలలో మాట పట్టే చెవి మాత్రం పోయిందని నమ్మేశాడు. డాక్టరు దగ్గరికి రమ్మంటే, ఊరికి తెలిసిపోతుందని రాలేదు. ఆ ప్లేయరు మీద గుడ్డ కప్పించాడు.

అక్క వేలంలో ఆరితేరింది. ఇల్లు బాగుపడింది. చూశావా, మంచే జరిగింది కదా అని నాకు నేనే చెప్పుకునేవాణ్ణి. ఎవరికి జరిగింది మంచి? గట్టు మీద కూర్చుని, వచ్చే పడవలను దూరం నుంచి చూసే ఆ మనిషికా? వెళ్ళినప్పుడల్లా ఆయన పక్కన కూర్చుని చేపల పులుసు తిన్నాను. ఒక్కసారీ అది నాకు చేదనిపించలేదు. నా సిగ్గంతా అక్కడే ఉంది.

మొన్న మధ్యాహ్నం వెళ్ళి ఆ గుడ్డ తీశాను. విరిగిన క్లిప్పు చోట వైరుకు టంకం పెట్టాను. డిస్కు వేశాను. మాటలు మంచినీళ్ళలా స్పష్టంగా వచ్చాయి. బావ లేచి కూర్చున్నాడు. అరచేతిలో ముక్క పెట్టి అంతా చెప్పాను. దాన్ని తిప్పి తిప్పి చూశాడు.

"పదేల్లురా" అన్నాడు.

తిట్టలేదు. పోనీలే అనలేదు. సౌండు పెంచి, టీవీ వైపు తిరిగాడు. నాకు మాత్రం, సిగ్గు లేకుండా చెబుతున్నాను, ఒళ్ళంతా తేలికైపోయింది.

పెరట్లో అక్క కత్తిపీట ముందు చేపలు కోస్తోంది. పక్కన కూలబడి, "బావను పదేల్లు ఇంట్లో కూకోబెట్టేసినాను అక్కా. ఈ పాపం నాదే" అన్నాను.

అక్క చెయ్యి ఆపలేదు. గొంతు మాత్రం బాగా తగ్గించింది.

"ఇందులో కూడా గొప్పలేటిరా నీకు? మొగుడూ పెల్లాలిద్దరికీ ఒక్కపాలే సెవుడొచ్చేస్తాదేటి? మర్నాడు తుడస్తంటే ఆ ఊడిన వైరు సూసినాను. ఏలానికి ఎల్లాలని నాకే మనసు. అందుకే నోరు మూసుకున్నాను. నువ్వు పాడుసేసింది ఒక్క డబ్బాని. ఆయన్ని కూకోబెట్టింది నాను."

లోపల సినిమాలో యుద్ధం జరుగుతోంది. గోడలు అదురుతున్నాయి. ఆ రొదలోంచే బావ గొంతు వచ్చింది.

"నీ మాటా ఇనబడతన్నాదే!"