వదిన కారం, మరదలి దానం

చైనా దేశంలో, షియాన్ అనే పురాతన నగరంలో, ఒక సందు సందంతా పట్టపగలు ముక్కులు మూసుకొని వీధిన పడిందంటే, దానికి కారణం భూకంపం కాదు, అగ్నిప్రమాదమూ కాదు; ఖమ్మంలో రసాయనశాస్త్రం బోధించి జుట్టు నెరిసిన నేను. ఈ మాట మీరు నమ్మనక్కర లేదు. ఆధారం లేనిదే దేన్నీ నమ్మవద్దని పిల్లలకు చెప్పి చెప్పి గొంతు అరగదీసుకున్నదాన్ని, మిమ్మల్ని మాత్రం నమ్మమని ఏ ముఖంతో అడగను? జరిగింది జరిగినట్టు చెబుతాను. పరీక్షించుకోండి.

నా స్వభావం ముందే తెలియాలి. వడియాలు పెట్టిన రోజే వాన పడుతుందని మా అమ్మ వాపోతే, వడియాలు పెట్టని రోజున పడిన వానల మాటేమిటని అడిగిన పిల్లను. పెళ్ళిచూపుల్లో "మా వాడికి కోపమన్నదే రాదమ్మా" అని ఒక పెద్దమనిషి అంటే, "ఎప్పుడైనా తెప్పించి చూశారా?" అన్నాను. ఆ సంబంధం కుదరలేదు. రుజువు మాత్రం అక్కడికక్కడే దొరికింది.

నాగరత్నం వదిన మా అన్నయ్య భార్య. పెనుబల్లి దగ్గర వాళ్ళది మిరప సేద్యం. ఆ ఇంట్లో ముక్కు అంటే వదినదే. తక్కిన మా అందరివీ కళ్ళజోడు నిలబడటానికి దేవుడిచ్చిన ఏర్పాట్లు. కల్లం గట్టున నిలబడి గాలి పీల్చి, "ఆ మూలకు ఇంకా పచ్చిగున్నయ్, తిరగెయ్యండ్రి" అనేది. సహజంగానే నేను పరీక్ష పెట్టాను, కళ్ళకు గంతలు కట్టి మరీ. రెండుసార్లు ఒప్పు, ఒకసారి తప్పు. ఆ ఒక్క తప్పునూ ఏళ్ళ తరబడి పండుగపూట గుర్తు చేస్తూ వచ్చాను.

వదిన తిట్లన్నీ ఆ ముక్కులోంచే పుట్టేవి. నేను బస్సు దిగి వాకిట్లో అడుగు పెట్టానో లేదో, "ఏందే లెక్చరరమ్మా, గింత సెంటు కొట్టుకున్నవ్, బస్సుల పక్కనోళ్ళు బతికే ఉన్నరా?" అని మొదలు. వంటింట్లో నేను గరిటె పట్టుకుంటే పెరట్లోంచే కేక: "పప్పు అడుగంటుతున్నదే, నీ చదువు పాడుగాను!"

కరోనా జ్వరం వచ్చి, పోతూ పోతూ ఆ ముక్కును వెంట తీసుకుపోయింది. మనిషి దక్కింది, వాసన దక్కలేదు. ఏళ్ళు గడిచినా తిరిగి రాలేదు. వదిన ఎవరినీ తిట్టడం మానేసింది. ఏది పెట్టినా తినేది, ఏది అడిగినా "అవ్" అనేది. "ఇల్లు బోసిగుందమ్మా, తిట్టే దిక్కు లేక" అని అన్నయ్య ఫోనులో అంటే, నాకు నవ్వు రావలసింది, రాలేదు.

ఒకనాడు వదిన తనకు తానే దిష్టి తీసుకుని, ఉప్పూ మిరపకాయలూ పొయ్యిలో వేసింది. పక్కగదిలో దగ్గి దగ్గి నా పేగులు మెడకు చుట్టుకున్నాయి.

"చూసినవా? మిరపకాయలు కాలినా వాసన రాలె. ఎంత దిష్టి తగిలిందో!" అంది.

"వాసన వేరు, ఘాటు వేరు వదినా. నువ్వూ దగ్గుతున్నావు కదా? ఘాటు వస్తే దిష్టి లేనట్టేనని నీ శాస్త్రమే చెబుతోంది."

వదిన పొయ్యిలోకి తొంగి చూసి, "దగ్గొచ్చింది, వాసన రాలె. అంటే సగం దిష్టి" అని తేల్చింది.

ఆమె ముక్కు వెనక్కి రావాలి. మళ్ళీ నన్ను తిట్టాలి. నా కోరిక ఇంతే. లవంగమో నిమ్మతొక్కో పొద్దున్నే వాసన చూపించడం అలవాటు చేశాను. ఫలితం లేదు. కొత్త చోటు, కొత్త వంటలైతే ముక్కు ఉలిక్కిపడుతుందేమోనన్న ఆశతో, నిరుడు శీతకాలంలో వదినను ఒక యాత్రా బృందంతో చైనా బయలుదేరదీశాను. వదిన చీరలకన్నా ముందు సంచిలో పెట్టుకున్నది తమ కల్లం కారం పొట్లం. మనవాళ్ళు స్వర్గానికి వెళ్ళినా కారం పట్టుకెళ్తారు కదా అనుకున్నాను. హోటల్లో చూస్తే, ఆమె రోజూ తెల్లవారగానే ఆ పొట్లం విప్పి, ముక్కు దగ్గర పెట్టుకొని, మళ్ళీ కట్టేస్తోంది.

"ఏమిటి వదినా అది?"

"ఈ యేటి పంట. దీని వాసన నాకింకా తెల్వదే" అంది. ఒక్క ప్రశ్నా వేయకుండా పొట్లానికి ముడి నేనే వేసి ఇచ్చాను. నా జీవితంలో అది అరుదైన సంఘటన.

షియాన్‌లో సంప్రదాయ నూడుల్స్ చేయడం నేర్పే ఒక పూట తరగతి మా యాత్రలో భాగం. గురువుగారు ఒక పెద్దావిడ. మనిషి పొట్టి, జబ్బలు మాత్రం రోకళ్ళు. ఆవిడ మాటను మనకు చేరవేసేది మా బృందం మేనేజరు, వరంగల్ కుర్రవాడు నవీన్. చలికి కిటికీలన్నీ బిగించిన ఇరుకు గది. ఈ సంగతి గుర్తుంచుకోండి, ముందు ముందు పనికొస్తుంది.

పిండి కలిపి, ఉండలు చేసి, నూనె రాసి గుడ్డ కప్పాక గురువుగారు ఏదో అన్నారు. "పిండి అలిసిందట మేడమ్. కొంచెం సేపు పడుకోనియ్యాలంట" అన్నాడు నవీన్.

"పిండి అలవదని చెప్పు. కలిపినప్పుడు బిగుసుకున్న మాంసకృత్తులు సడలడానికి వ్యవధి కావాలి, అంతే."

నవీన్ చెప్పాడు. గురువుగారు నన్ను ఎగాదిగా చూసి జవాబిచ్చారు. "అదే అంటున్నరు మేడమ్, పడుకోనియ్యుమని."

తర్వాత పట్టీ రెండు కొసలూ పట్టి సాగదీస్తూ, బల్ల మీద రేవులో బట్టలు ఉతికినట్టు దబ్బు దబ్బున కొట్టాలి. గురువుగారి చేతిలో అది నడుముపట్టీ అంత వెడల్పున, బారెడు పొడవున సాగింది. వదినది మూరెడు సాగింది. నాది జానెడైనా సాగక ముందే తెగింది. మళ్ళీ పట్టాను, మళ్ళీ తెగింది. ఆడలేక మద్దెల ఓడన్నట్టు, లాగలేక "పిండిలో నీళ్ళు తక్కువ" అన్నాను.

"నీళ్ళు గాదు. పాఠం చెప్పి బెదరగొట్టినవ్, గది పారిపోతున్నది" అంది వదిన. చాలాకాలం తర్వాత ఆమె నోట ఎత్తిపొడుపు విన్నాను. ముక్కు లేని ఎత్తిపొడుపే అయినా, ప్రాణం లేచి వచ్చింది. ఆ ఉత్సాహమే నా కొంప ముంచింది.

ఉడికిన నూడుల్స్ గిన్నెలోకి తీసి, పైన వెల్లుల్లి, కారప్పొడి వేసి, పొగలు కక్కే నూనె పోయడం చివరి ఘట్టం. మన తిరగమోతకు పెదనాన్న కూతురన్నమాట. మిగతా యాత్రికుల గిన్నెలు అయ్యాక మా వంతు వచ్చింది. గురువుగారు కారం గిన్నె చూపిస్తూ చెయ్యి అడ్డంగా ఊపారు.

"మా కారం చాన కారం, జాగ్రత్త అంటున్నరు" అన్నాడు నవీన్.

వినికిడి మాటను ప్రమాణంగా తీసుకునేదాన్ని కాను. చెంచాడు నాలుక మీద వేసుకున్నాను. కమ్మగా ఉంది. కారంగా? "నవీన్, ఇది కారం కాదు, కుంకుమ. మా కల్లం గట్టున నడిచిన కోడికి కూడా ఇంతకన్నా ఘాటు ఉంటుందని చెప్పు."

గురువుగారు నవ్వి, చెయ్యి చాచారు. "అయితే మీది చూపెట్టుమంటున్నరు."

వదిన చేతులు కడుక్కోవడానికి పెరట్లోకి వెళ్ళింది. సంచి నా పక్కనే ఉంది. అత్త సొమ్ము అల్లుడు దానం చేయగా లేనిది, వదిన కారం మరదలు చేస్తే తప్పా?

ఇక్కడ నా శాస్త్రీయ దృక్పథం అడ్డుపడింది. పోలిక న్యాయంగా ఉండాలంటే పరిమాణం సమానంగా ఉండాలి కదా! గురువుగారు తమ గిన్నెలో వేసినంతా, అంటే పొట్లమంతా, నా గిన్నెలో గుమ్మరించాను. అంతటితో ఆగానా? "మాది తేజ రకం. నూనె ఇంకా కాగనివ్వమను" అన్నాను. కాగింది. పోశారు.

పాఠకులారా, మిరప మార్కెట్టు పక్కగా బస్సులో వెళ్ళేటప్పుడు బస్సంతా తుమ్ముతుందే, దాన్ని ఒక మూసిన గదిలోకి కుదించండి. ముందు సుయ్యిమంది. తర్వాత ఎర్రగా, ఆపైన నల్లగా ఒక పొగ లేచి కప్పును తాకి, దారి దొరక్క మా మీదికే తిరిగి వచ్చింది. "మేడమ్!" అన్న కేకలో సగమే నవీన్ నోట వెలువడింది, మిగతాది దగ్గు. అందరం ద్వారంలో ఇరుక్కొని, ఊడి, వీధిలో పడ్డాం. పక్కింటివాళ్ళు వచ్చారు. ఎదురింటివాళ్ళూ వచ్చారు. బట్టల కొట్టతను బేరం వదిలేసి మరీ వచ్చి తుమ్మాడు.

గురువుగారు కళ్ళు తుడుచుకుంటూ నా మోచెయ్యి పట్టి ఏదో గట్టిగా అడిగారు. పోలీసులను పిలుస్తారనుకున్నాను.

"ఆ కారం ఇంక ఉన్నదా... అని అడుగుతున్నరు మేడమ్" అన్నాడు నవీన్, దగ్గుకూ దగ్గుకూ మధ్య.

అప్పుడు చూసుకున్నాను. వదిన లేదు.

కొంగు ముక్కుకు కట్టుకొని లోపలికి పరుగెత్తాను. పెరటి వైపు నుంచి వచ్చిన వదిన నా గిన్నె ముందు నిలబడి ఉంది. చేతిలో ఖాళీ పొట్లం. కళ్ళ వెంట నీళ్ళు ధారలు కడుతున్నాయి.

"వదినా! బయటికి రా, ఊపిరాడదు!"

"ఉండు."

"ఉండేదేమిటి! కారం మళ్ళీ తెప్పిస్తాను, అన్నయ్యకు ఫోను చేసి..."

"ఉండమన్న గదనే!" దగ్గింది. గిన్నె మీదికి ఇంకా వంగింది. "మాడింది. మాడ్చినవ్. నూనె ఎవతె కాచిందే గిట్ల? బంగారమసొంటి కారం, మాడు వాసన గొడుతున్నది! ఎంత చదివి ఏం లాభమే, నీ చదువు పాడుగాను!"

నా చదువు పాడైన ఆ క్షణాన నేను కూడా ఏడ్చాను. ఘాటు వల్లనే అని నమోదు చేసుకోండి.

కాని స్వభావం ఎక్కడికి పోతుంది? వీధిలోకి రాగానే అడిగాను. "నిజంగా వాసన వచ్చిందా? నల్లబడింది చూసి అన్నావా?" కళ్ళు మూయించి వెల్లుల్లి పెట్టాను, ఏమీ లేదంది. వెనిగర్ పెట్టాను, ఏమీ లేదంది.

"వచ్చింది, పోయింది" అంది వదిన. "నీకు రశీదు కావాల్నా?"

రశీదు లేదు. ఒక్క పరిశీలన, సాక్షి ఒక్కరే, ఆ సాక్షి కూడా నా తలవంపులు కప్పడానికి అబద్ధమాడగల మంచి మనిషి. తరగతిలో ఎవరైనా ఇలాంటి రుజువు తెస్తే సున్నా వేసేదాన్ని. అయినా దాన్ని మాత్రం కొట్టివేయలేక, సంచిలో ఆ ఖాళీ పొట్లంతో పాటు ఇంటికి తెచ్చుకున్నాను.

ఇప్పుడు మళ్ళీ కల్లాలు ఎర్రబారాయి. రోజూ ఉదయం ఫోను చేస్తాను.

"వచ్చిందా వదినా?"

"రాలె."

నిన్న మాత్రం ఆ మాట తర్వాత ఫోను పెట్టేయలేదు. "నువ్వు మాడ్చిన నాడే వచ్చిందే" అంది, నెమ్మదిగా. "ఇంకోపాలి మాడ్చరాదూ?"

కాబట్టి గోదావరి సాక్షిగా, భద్రాద్రి రామయ్య సాక్షిగా, నేను ఒకప్పుడు పగలగొట్టిన పరీక్షనాళికలన్నిటి సాక్షిగా ప్రతిజ్ఞ చేస్తున్నాను: ఇక ఈ జన్మలో, కప్పు కింద, కిటికీలు బిగించిన గదిలో, పరాయివాళ్ళ పొయ్యి మీద తేజ కారంలో పొగలు కక్కే నూనె పోయను గాక పోయను.

అయితే ఒక ప్రయోగం మళ్ళీ చేసి చూడనిదే ఫలితం కాదని నేను పాఠం చెప్పిన మాటా నిజమే. రేపు పొద్దున పెనుబల్లి బస్సెక్కుతున్నాను. కల్లానికి కప్పు లేదు.