ఈఎంఐ పెరగని ఇల్లు

గొంతు డాక్టరు నన్ను రెండు వారాలు నోరు తెరవద్దన్నప్పుడు మా ఆయన ముఖంలో కనిపించిన ప్రశాంతతను నేను ఇంకా క్షమించలేదు. మైలాపూరులో ఒక బడిలో సైన్సు చెబుతాను. తరగతికి నలభై ఐదు మంది పిల్లలు, కిటికీ బయట బస్సు హారన్లు, పైన గరగరలాడే ఫ్యాను. పదిహేనేళ్ళుగా వీటన్నిటి మీదా అరిచి అరిచి గొంతులో కాయలు కాశాయట. అరచేతిలో కాయలు కాస్తే కష్టజీవి అంటారు, గొంతులో కాస్తే గయ్యాళి అంటారు. ఇంకెన్నాళ్ళు ఈ ఉద్యోగం చేద్దామనుకుంటున్నారని డాక్టరు అడిగాడు. నేను మాట్లాడకూడదు కాబట్టి మా ఆయనే జవాబు చెప్పాడు.

"ఈ ఏడుతో సరి డాక్టర్. మానేస్తాది."

ఆ మాట ఆయన ఊరికే అనలేదు. ఐదేళ్ళ కిందట, ఇంటి అప్పు కాగితాల మీద ఇద్దరం సంతకాలు పెట్టిన రోజు నాకిచ్చిన మాట అది. మొదటి ఐదేళ్ళు ఇద్దరి జీతాలతో ఎలాగో నెట్టుకొస్తే అప్పు బాగా తగ్గిపోతుంది, తరువాత తన ఒక్కడి జీతం చాలు, నేను బడి మానేసి ఇంట్లోనే నలుగురు పిల్లల్ని కూర్చోబెట్టుకుని నెమ్మదిగా పాఠాలు చెప్పుకోవచ్చు. వేళ్ళు మడిచి మరీ లెక్క చెప్పాడు. ఆయన జార్జిటౌనులో ఒక ఆడిటరు దగ్గర పని చేస్తాడు. ఊరందరి లెక్కల్లో తప్పులు పట్టి జీతం తెచ్చుకునే మనిషి సొంత ఇంటి లెక్క చెబుతుంటే, కప్పకు గుండెకాయ ఎక్కడుంటుందో చెప్పుకునేదాన్ని నేనేం అనుమానిస్తాను.

అసలు మాకు ఇల్లు కొనాలన్న బుద్ధి పుట్టించింది మా ఆడబిడ్డ భర్త. అన్నయ్యా అని పిలవాల్సిన వరస కాబట్టి పిలుస్తాను. అప్పట్లో మేం చూలైలో భోగ్యానికి ఉండేవాళ్ళం. భోగ్యమంటే ఇంటివాళ్ళకు ముందే ఒక పెద్ద మొత్తం ఇచ్చేస్తాం, నెలనెలా అద్దె అంటూ ఉండదు, ఖాళీ చేసిన రోజు ఇచ్చిన డబ్బు ఇచ్చినట్టే తిరిగొస్తుంది. కింద ఇనుప గేట్లు చేసే వర్క్‌షాపు ఉండేది. పగలంతా ఆ చప్పుడు భరించాలి, అంతే. ఆ ఇంట్లో, మా మంచం మీదే కూర్చుని, మా కాఫీ తాగుతూ అన్నయ్య మా ఆయనకు నీతి బోధించాడు.

"అద్దె కట్టేదంటే ఏట్లో పోసినట్టే బామ్మర్దీ. అదే దుడ్డు ఈఎంఐ కట్టినావంటే ఇల్లు నీదవుతుంది గదా."

అద్దే కట్టని వాళ్ళకు అద్దె దండగని చెప్పడానికి ఎంత ధైర్యం కావాలి. విని తలూపడానికి ఎంత తెలివి కావాలి. మా ఆయనకు ఆ తెలివి నిండుగా ఉంది. చెప్పేవాడికి వినేవాడు లోకువ అని మా అమ్మ ఎప్పుడూ అంటుండేది, కానీ అల్లుడి ముందు అనలేదు పాపం.

భోగ్యం డబ్బు వెనక్కి తీసుకుని, నా గాజులు అమ్మి, తొండియార్‌పేటలో మూడో అంతస్తులో రెండు గదుల ఫ్లాటు కొన్నాం. యాభై లక్షలు దాటింది. అందులో నలభై లక్షలు బ్యాంకు ఇచ్చింది. ఇరవై ఏళ్ళు, నెలకు ముప్ఫై ఒక్క వేలు. అప్పు ఇచ్చేవాళ్ళు అప్పుతో పాటు ఒక ఇన్సూరెన్సు కూడా అంటగట్టి, దాని ప్రీమియం మళ్ళీ మా దగ్గరే పిండారు. చూలై నుంచి ఒక బస్సెక్కితే బడికి చేరేదాన్ని. ఇప్పుడు రైలెక్కి బీచి స్టేషన్లో దిగి ఇంకో రైలెక్కాలి. సముద్రపు గాలి అని అందరూ మెచ్చుకున్నారు. ఆ ఉప్పుగాలికి ఏడాది తిరక్కుండానే కిటికీ గొళ్ళేలు తుప్పు పట్టాయి. ఓనర్లం కదా, మేమే మార్పించుకున్నాం.

పాలు పొంగించిన రోజు అన్నయ్య ఇల్లంతా తిరిగి, పుచ్చకాయ కొనేవాడిలా గోడలు తట్టి చూశాడు. వచ్చిన చుట్టాలందరూ నెలకెంత పడుతుందని అడిగారు. ముప్ఫై ఒక్క వేలంటే, ఇద్దరు సంపాదిస్తున్నారు కదా, పరవాలేదులే అన్నారు. చివరికి మొత్తం ఎంతవుతుందని ఒక్కరూ అడగలేదు. వీళ్ళే వంకాయలు కొన్నప్పుడు కిలో ఎంత, మొత్తం ఎంత అని రెండు సార్లు అడిగి, పైన కొసరుగా కరివేపాకు తెచ్చుకునే జనం.

మా ఆయన అప్పు తీర్చడానికి ఏమీ చేయలేదంటే నాకు పాపం తగులుతుంది. ఈ ఊళ్ళో మైత్ర ముహూర్తం అని ఒకటుంది. నెలకు ఒకటో రెండో సార్లు వస్తుంది. ఆ గడియల్లో అప్పులో పిసరంత తీర్చినా, మిగతా కొండంతా తనంతట తానే కరిగిపోతుందని నమ్మకం. గోడకు వేలాడే తమిళ క్యాలెండరు చూసి, టీవీలో జ్యోతిష్కుడు చెప్పిన వేళతో సరిపోల్చి, మా ఆయన సరిగ్గా ఆ సమయానికి కాళ్ళూ చేతులూ కడుక్కుని, తూర్పుకు తిరిగి, ఫోన్లోంచి అప్పు ఖాతాకు నూటొక్క రూపాయి పంపేవాడు. ఒకసారి ఆయన కూడా మైలాపూరు వైపు పని మీద నాతో వచ్చిన రోజు, ఆ ముహూర్తం మేమిద్దరం బీచి స్టేషన్లో బండి మారే వేళకు పడింది. ఎదురుగా హార్బరు క్రేన్లు కనబడుతుంటే, చెప్పులు విప్పి నిలబడి, తూర్పు ఎటని శనగల సుండలు అమ్మేవాణ్ణి అడిగాడు. నూటొక్క రూపాయి వెళ్ళింది, మా బండి కూడా వెళ్ళిపోయింది. ఆలస్యంగా వెళ్ళినందుకు బడిలో నాకు సగం రోజు జీతం కోశారు.

ఇల్లు కొన్న రెండేళ్ళకు వడ్డీ రేట్లు పెరగడం మొదలైంది. మా ఆయన ఆఫీసులో అప్పులున్న వాళ్ళందరికీ ఈఎంఐలు రెండు వేలు, మూడు వేలు పెరిగాయి. వాళ్ళు లబోదిబోమంటుంటే మాకు మాత్రం బ్యాంకు నుంచి చల్లని మెసేజి వచ్చింది. మీ ఈఎంఐలో మార్పు లేదు అని. దాని కిందే, మీ గడువును సవరించాము అని ఇంకో ముక్క కూడా ఉంది. మా ఆయన మొదటి ముక్క దగ్గరే ఆగిపోయి, వస్తూ వస్తూ అరకిలో నెయ్యి మైసూర్‌పాకు తెచ్చాడు.

"చూసినావా, అందరికీ ఏసినాడు, మనకు మాత్రం పైసా ఏయలేదు. ముహూర్తం చూసి కట్టింది ఊరికే పోతాదా?"

ఆ తరువాత అలాంటి మెసేజీలు ఇంకా వచ్చాయి. ఒక్కోసారి మైసూర్‌పాకు, ఒక్కోసారి జాంగ్రీ. ఆఫీసులో ఆయన్ని అదృష్టవంతుడనుకున్నారు. నేనూ ఆ స్వీట్లు తిన్నాను, బాగానే ఉన్నాయి.

ఇక డాక్టరు మౌనం విధించింది సరిగ్గా వేసవి సెలవుల చివర్లో. రాజీనామా రాసే ముందు అప్పు ఎంత మిగిలిందో చూసి వద్దామని ఫోన్లో టైపు చేసి మా ఆయనకు చూపించాను. "ఆడికి పోయి చూసేదానికి ఏముంది, సగానికి వచ్చేసుంటాది" అంటూనే చొక్కా మార్చుకున్నాడు.

బ్యాంకులో అప్పుల సంగతి చూసే ఆఫీసరు కుర్రాడు గుంటూరు వైపు నుంచి ఈమధ్యే బదిలీ మీద వచ్చాడట. మా ఇంటిపేరు చూసి పొంగిపోయాడు.

"మన తెలుగువాళ్ళేనాండీ! కూర్చోండి, కూర్చోండి. ఇక్కడ తెలుగు మాట్లాడి ఎన్నాళ్ళయిందో."

కాఫీ తెప్పించి, కంప్యూటరు మా వైపు తిప్పాడు. మిగిలిన అసలు ముప్ఫై ఏడు లక్షలు. మా ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకుని మళ్ళీ పెట్టుకున్నాడు.

"ఇది పాతది మాదిరి ఉంది. ఇప్పటిది చూపీండి."

"ఇప్పటిదేనండి."

ఐదేళ్ళలో మేం పద్దెనిమిది లక్షల పైచిలుకు కట్టాం. నలభై లక్షల అసలులో తరిగింది మూడు లక్షలు. తక్కినదంతా వడ్డీ. నెలకు కట్టే ముప్ఫై ఒక్క వేలలో అసలుకు పడుతున్నది మూడు వేల చిల్లర. ఇంకా పదిహేనేళ్ళు మిగలాల్సిన చోట పాతికేళ్ళు మిగిలాయి. ఆ కుర్రాడు ఇదంతా వానాకాలంలో వాన పడిందని చెప్పినంత మామూలుగా చెప్పాడు.

"రేటు పెరిగినప్పుడల్లా ఈఎంఐ పెంచకుండా గడువు పెంచుకుంటూ వచ్చామండి. కస్టమర్ల సౌకర్యం కోసమే. మెసేజీలు కూడా పంపాం కదండీ. సార్‌గారి వయసుకైతే అంత గడువు కుదరదు. మేడమ్‌గారు చిన్నవారు, అప్పులో ఆవిడ సంతకం కూడా ఉంది కాబట్టి ఆవిడ వయసు మీద లాగాం."

నాకు నలభై ఒకటి. అంటే అరవై ఆరేళ్ళు వచ్చేదాకా. నా వయసును వాళ్ళు సాగదీశారు, ఆ శుభసందర్భంలో నేను జాంగ్రీ తిన్నాను. నోటిదాకా వచ్చిన మాటలన్నీ అక్కడే మింగాను, నోరు తెరిస్తే గొంతు శాశ్వతంగా పోతుందని డాక్టరు భయపెట్టి ఉన్నాడు. ఆ రోజు మింగినవే ఇవాళ ఇక్కడ కక్కుతున్నాను. ఫోన్ తీసి, చివరికి మొత్తం ఎంత, అని టైపు చేసి కుర్రాడి ముందు పెట్టాను. అతను ఆ ప్రశ్న ఎప్పుడూ విననట్టు రెండు సార్లు చదువుకుని, మీటలు నొక్కాడు.

"ఇలాగే వెళ్తే, కోటీ పదకొండు లక్షల పైన అవుతుందండి."

మేం ఒక ఇల్లు కొనుక్కుని, బ్యాంకుకు దాదాపు ఒకటిన్నర ఇల్లు కొనిపెడుతున్నాం. అద్దె ఏట్లో పోసినట్టయితే, ఇది ఏరుతో సహా పోసినట్టు.

రేట్లు ఈమధ్య తగ్గాయని పేపర్లో వచ్చింది కదా అని మా ఆయన నీళ్ళు నమిలాడు. దానికి అర్జీ పెట్టుకోవాలట, కొంచెం ఛార్జీ కూడా ఉంటుందట. పెంచినప్పుడు మాత్రం మేం అర్జీ పెట్టుకున్న గుర్తు లేదు. చివరికి ఆయన తన బ్రహ్మాస్త్రం తీశాడు.

"మరి నేను ముహూర్తం చూసి చూసి విడిగా కట్టినాను గదా సార్, అదేమైంది?"

"ఆ నూటొక్కలా అండీ? అవి అసలుకి వెళ్ళవండి. అసలు తగ్గాలంటే ఒకేసారి కనీసం ఒక ఈఎంఐ అంతైనా కట్టాలి. మీవి తర్వాతి నెల ఈఎంఐలో సర్దేశాం."

డాక్టరు నవ్వొద్దని కూడా చెప్పాడు. లేకపోతే ఆ బ్యాంకు పైకప్పు లేచిపోయేలా నవ్వేదాన్ని.

పదిహేనేళ్ళలోనే తీరాలంటే నెలకు ఇంకో ఆరున్నర వేలు కలిపి కట్టాలని కుర్రాడు చెప్పాడు. ఒక్క జీతంతో అయ్యే పని కాదు. నేను రాయబోయిన రాజీనామా అక్కడే, ఆ చల్లారిన కాఫీ పక్కనే ఆగిపోయింది. ఇంటికి వచ్చేదాకా మా ఆయన పలకలేదు. ఆయనకు ఏ డాక్టరూ చెప్పలేదు. ఇంటికి వచ్చాక అన్నయ్యకు ఫోన్ చేశాడు. స్పీకరులోంచి ఆ పెద్దమనిషి గొంతు ధీమాగా వినిపించింది.

"దానికేం బామ్మర్దీ, ఇల్లు యాడికి పోతాది? నిదానంగా కట్టుకో."

అన్నయ్య ఉండేది వాళ్ళ నాయన కట్టించిన ఇంట్లో. పుట్టి బుద్ధెరిగి ఆయన ఒక్క ఈఎంఐ కట్టిన పాపాన పోలేదు. అది నాకు ముందే తెలుసు, అందరికీ తెలుసు. అయినా ఇంటి అప్పుల గురించి మా చుట్టాల్లో ఎవరికి ఏ సందేహం వచ్చినా ఆయననే అడుగుతారు.

ఆ వారమే ఈఎంఐ పెంచమని బ్యాంకుకు రాసిచ్చాం. నేను తల మాత్రం ఊపాను. అప్పు తీరేనాటికి నాకు యాభై ఆరు. అప్పటిదాకా గొంతు ఉంటుందా అని డాక్టరుకు రాసి చూపిస్తే, అరవకండి, మైకు వాడండి అన్నాడు.

బడి తెరిచే ముందు రోజు సాయంత్రం నా మౌనం గడువు ముగిసింది. దాన్ని మాత్రం ఎవరూ సవరించలేదు. మా ఆయన చేతిలో ఒక అట్టపెట్టెతో వచ్చాడు. నడుముకు కట్టుకునే చిన్న స్పీకరు, మెడ మీదుగా నోటి ముందుకు వచ్చే మైకు. తాను దూర కంత లేదు, మెడకో డోలు అన్నట్టుంది నా వాలకం.

"ఇదో, ఈడ నొక్కితే చాలు. ఇంక నువ్వు అరిచేదే ఒద్దు," అన్నాడు, మైకు తాడు నా మెడ చుట్టూ సర్దుతూ. చాలా రోజుల తరువాత ఆయన ముఖంలో ఉత్సాహం కనిపించింది. "దుడ్డు గురించి యోచన చేయబాక. ఈఎంఐలో తీసుకున్నా. నెలకు నాలుగొందలే, తెలియను కూడా తెలీదు."

నేను ఆయన చూపించిన చోట నొక్కాను. రెండు వారాల తరువాత నా మొదటి మాట అదే.

"మొత్తం ఎంత?"

నా గొంతు హాలు దాటి మెట్ల దాకా వెళ్ళింది. ఎదురింటి వాళ్ళ తలుపు తెరుచుకుంది.

"నెలకు నాలుగొందలే అంటా ఉండాను గదా."

"మొత్తం."

ఆయన అట్టపెట్టెను అటూ ఇటూ తిప్పి చూశాడు. తరువాత కళ్ళజోడు పెట్టుకుని, ఫోన్ తీసి, వెతకడం మొదలుపెట్టాడు.