మీగడ డబ్బాలో చెంచాడు పెరుగు

పదకొండేళ్లుగా ఒక చెంచాడు పెరుగును మోస్తున్నాను. నవ్వకండి. కొంపలు కూల్చినవాళ్లు, ఆస్తులు మింగినవాళ్లు చెప్పుకోవాల్సిన చోట ఈవిడ పెరుగు గొడవేమిటని మీకు అనిపించవచ్చు. నాకూ అలాగే అనిపించి ఇన్నేళ్లూ నోరు మూసుకున్నాను. చిన్న విషయమే కదా అని ఎన్నిసార్లు సర్దిచెప్పుకున్నానో లెక్కలేదు. చిన్నదైతే పోవాలిగా? పోదు. ఎవరైనా నా వంట తిని ‘నీ చేతిలో ఏదో ఉందమ్మా’ అంటే ఒళ్లు మండుతుంది. అన్నవాళ్ల మీద కాదు. మరి ఎవరి మీద? అదే ఇక్కడ రాయబోతున్నాను.

నా పేరు చెప్పను. కాపురం హిందూపురంలో, వంటపని పెనుకొండలో, ఒక బడి హాస్టల్లో. అంతవరకు చాలు. సుగుణక్క అని రాస్తున్నానే, అదీ ఆమె అసలు పేరు కాదు.

సుగుణక్క వాళ్లది అప్పట్లో మా పక్క పోర్షన్. మధ్యలో ఒకటే గోడ. వాళ్లు చర్చికి పోయేవాళ్లు, మేం శనివారం నీసు ముట్టనివాళ్లం. అయినా కూరగిన్నెలు ఇటూ అటూ తిరుగుతూనే ఉండేవి. ఆమె భర్త లారీ నడిపేవాడు. నడుము దెబ్బతిని మంచాన పడ్డాడు. కూతురు ప్రసన్న అప్పుడు ఎనిమిదో తరగతి. ఇల్లు ఎలా గడుస్తుందో ఆమెకే తెలియని రోజులవి.

ఆమె దగ్గర ఒక వంట ఉండేది. వాళ్లమ్మ ఒకప్పుడు మిషన్ బంగళాలో వండేదట, ఆమె దగ్గర నేర్చుకుంది. కోడి కాళ్లకు ఉప్పు, మిరియాలు, వెల్లుల్లి, నిమ్మరసం, వెన్న బాగా పట్టించేది. ఉల్లిగడ్డలు, ఉర్లగడ్డలు (బంగాళాదుంపలు) పరిచిన ట్రేలో వాటిని పేర్చి బేకరీకి తీసుకుపోయేది. పొద్దున బన్నులు దించేశాక కూడా బేకరీ పొయ్యి చాలాసేపు వేడిగానే ఉంటుంది. బేకరీ ఆయన మడకశిర వైపు మనిషి, సగం కన్నడంలో విసుక్కుంటూనే ట్రేని లోపలికి తోసేవాడు. గంటకు బయటికి తీస్తే తోలు ఎర్రగా కాలి ఉండేది, వీధిలో పోయేవాళ్లు కూడా ఆగి చూసేవాళ్లు. ట్రే అడుగున దిగిన రసాన్ని, వెన్నలో వేయించిన మైదాలో పోసి, పాలు కలిపి, చివర్లో పచ్చి మీగడ వేసి తిప్పితే తెల్లటి గ్రేవీ. కారం ఉండదు. మొదటి ముద్దకు ఇదేం పత్యం కూర అనుకున్నాను. రెండో ముద్దకు నోరు మూసుకుని తిన్నాను. జ్వరం పడి లేచినవాళ్లకైనా, మనసు బాగాలేనివాళ్లకైనా అది పెడితే కాసేపు లోకం మంచిదే అనిపిస్తుంది.

పెనుకొండ హాస్టల్లో వంటమనిషి కావాలన్నారు. బడిని చూడటానికి బయటినుంచి వచ్చే పెద్దలకు కారం లేని వంట వండటం తెలిసుండాలి. వంటమనిషి బిడ్డకు అదే బడిలో ఫీజు లేకుండా సీటు ఇస్తారు. ఆదివారం మధ్యాహ్నం వచ్చి ఒక భోజనం చేసి చూపించమన్నారు. సుగుణక్క ఆశంతా ఆ సీటు మీదే. ప్రసన్న బాగా చదివేది.

సుగుణక్కకు ఫ్రిజ్ లేదు. మాకుంది. రెండిళ్ల పాల మీగడా ఐదు రోజులు కూడబెట్టమని, వాళ్లమ్మ పేరు చెక్కించిన స్టీలు డబ్బా ఒకటి నాకు ఇచ్చింది. చేమిరి మాత్రం వేయొద్దంది. పాలు తోడుపెట్టడానికి వేసే చెంచాడు పెరుగును మేం చేమిరి అంటాం. మా ఇళ్లలో మీగడ డబ్బా అంటే వెన్న కోసమే. ఖాళీ డబ్బా కనిపిస్తే ముందు చెంచాడు చేమిరి పడాల్సిందే. మా అవ్వ అలాగే చేసింది, మా అమ్మ అలాగే చేసింది. మంగళవారం పొద్దున, పొయ్యి మీద పాలు పొంగుతుంటే, నా చెయ్యి కూడా అదే పని చేసేసింది. నేను చూసుకోలేదు. ఇది నిజం. ఇంతవరకు నా తప్పేమీ లేదని ఇప్పటికీ అంటాను.

గురువారం మూత తీస్తే పులుపు వాసన తగిలింది. వెంటనే అర్థమైంది.

అప్పుడే పరుగెత్తి గోడ అవతలికి ఒక కేక వేసి ఉంటే ఈ రాతే ఉండేది కాదు. ఎందుకు వేయలేదు? బుధవారం కుళాయి దగ్గర ఒక మాట పడ్డాను కాబట్టి. నలుగురు ఆడవాళ్ల ముందు సుగుణక్క నవ్వుతూ అంది: “ఈయమ్మికి పచ్చి మీగడకీ పుల్ల మీగడకీ తేడా తెలీదు. నా డబ్బా పోయి ఈయమ్మి ఫ్రిజ్జిలో పెట్టిండా. ఇంక ఆ దేవుడే కాపాడల్ల!” అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఆమె ఎగతాళికి అన్న మాటే, మనసులో ఏమీ లేదు. అది నాకు అప్పుడూ తెలుసు. కానీ ఉప్పు ఎక్కువైనా, అన్నం మెత్తబడినా, ప్రతిదానికీ నన్ను దిద్దుతూనే ఉండేది. ఆ రోజు అది ముల్లులా దిగింది. మర్నాడే ఆమె మాట నిజమైంది. నేను చెబితే శుక్రవారం కుళాయి దగ్గర మళ్లీ నవ్వులే. చెబుదాంలే అనుకున్నాను. శుక్రవారం గడిచింది. శనివారం గడిచింది. పాల డైరీకి పోయి పచ్చి మీగడ కొనుక్కురావడం అరగంట పని. ఆ అరగంట నాకు దొరకలేదంటే మీరు నమ్ముతారా? నేనే నమ్మను.

ఆదివారం బస్సులో ట్రేని పాత దుప్పట్లో చుట్టి ఆమె ఒళ్లో పెట్టుకుంది. డబ్బా నా ఒళ్లో. సాయం చేయడానికని నేను వెంట వెళ్లాను. హాస్టల్ వంటింట్లో గ్రేవీ కుదురుగా చిక్కబడుతోంది. సుగుణక్కకు రెండు రోజులుగా పడిశం. డబ్బా మూత తీసి ముక్కు దగ్గర పెట్టుకుంది. తర్వాత నా వైపు తోసింది.

“ముక్కు మూసుకపోయిండాది మే. వాసనే తెలీకుండా పోతాండాది. నువ్వు చూసి చెప్పు.”

నేను వాసన చూశాను.

“బాగుందక్కా.”

“చేమిరి గానీ ఏసినావా దీంట్లో?”

“లేదక్కా.”

“సరే మే. నువ్వు చెప్పినాక ఇంకేముండాది.”

పోసేసింది. వేడి పాలలో పుల్లటి మీగడ పడితే ఏమవుతుంది? చూస్తుండగానే గ్రేవీ పలుకులు పలుకులుగా విరిగి నీళ్లు తేలింది. ఆమె తిప్పింది. ఇంకా గట్టిగా తిప్పింది. మంట తగ్గించింది. ఇంకాస్త మైదా వేసింది. నా వైపు ఒక్కసారి కూడా చూడలేదు. గరిటెనే చూస్తోంది. వచ్చిన పెద్దవాళ్లు మర్యాదగా ఒక ముద్ద తిని, కోడిని పక్కకు జరిపి, ఉర్లగడ్డలు తిన్నారు. ‘కబురు చేస్తాం’ అన్నారు. ఆ మాటకు అర్థం అందరికీ తెలిసిందే.

తిరుగు బస్సులో ఆమె తన రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుని వాటినే చూసుకుంటూ కూర్చుంది. హిందూపురం వస్తుండగా అంది: “నా చెయ్యి చెడిపోయినట్టుండాది మే.”

అప్పుడైనా చెప్పలేదు.

ఇంకో మాట కూడా చెప్పాలి. ఇది చెప్పడం మరీ కష్టం. వారం తర్వాత హాస్టల్ మేడమ్ నాకు ఫోన్ చేసింది. మీరు శుభ్రంగా పని చేశారు, మీకు వంట వచ్చా అని అడిగింది. రాదని చెప్పి ఉండొచ్చు. సుగుణక్క ఇంటికి పోయి ఇలా అడుగుతున్నారని చెప్పాను, ఆమె వద్దంటే మానేద్దామని. ఆమె వద్దనలేదు. కూర్చోబెట్టి కొలతలన్నీ చెప్పింది. మైదా ఎంత, పాలు ఎప్పుడు, ట్రేలో రసం మాడకుండా ఎలా దించాలి. “నాకు రాకుండా పోయినాది. నీకన్నా రానీ” అంది. డైరీ మీగడ కొనుక్కుని పోయి చేశాను. గ్రేవీ పట్టులా వచ్చింది. ఉద్యోగం వచ్చింది. సీటు నా కూతురికి వచ్చింది. నా బిడ్డ ఇప్పుడు పుట్టపర్తిలో నర్సు. ప్రసన్న పదో తరగతి తర్వాత గార్మెంట్ ఫ్యాక్టరీకి పోయింది.

కావాలని చేశానా? వేసింది కావాలని కాదు. దాచింది కావాలనే. విరుగుతుందని తెలిసి ‘లేదక్కా’ అన్నాను. ఆ క్షణంలో ఒక్కసారి ఈమెకూ తప్పు జరగనీ అనుకున్నాను. ఒక్కసారే. అది ఆమెను బతుకంతా వెంటాడుతుందని అనుకోలేదు. అనుకోలేదు కాబట్టి నేరం తగ్గుతుందా?

నాకు సుగుణక్క మీద కూడా కోపమే. ఎందుకు నన్ను అనుమానించలేదు? కుళాయి దగ్గర అంత మాట అన్న మనిషి, ఆ రోజు ఒక్కసారి నిలదీసి ఉంటే ఏడ్చి ఒప్పుకునేదాన్ని. ప్రతిదానికీ తప్పుపట్టే ఆవిడకు నిజంగా తప్పు చేసిన రోజే నా మీద ఎక్కడలేని నమ్మకం వచ్చింది. చూడండి, దొంగతనం నాది, విసుగు ఆమె మీద. ఇలా ఉంటుంది నా బుద్ధి.

పోయిన నెల ప్రసన్న కొడుకు మొదటి పుట్టినరోజు. వాళ్లు ఇప్పుడు ధర్మవరంలో ఉంటున్నారు. అల్లుడు మగ్గం నేస్తాడు, ప్రసన్న ఒక చీరల కొట్లో పని చేస్తుంది. తెల్ల గ్రేవీ కోడి నేనే చేయాలని సుగుణక్క ఫోన్ మీద ఫోన్. పోయాను. కోళ్లు బేకరీలో కాలాయి. గ్రేవీ పెట్టాను. గరిటె తిప్పుతూ పాల ప్యాకెట్ కత్తిరించడానికి కుదరక, “అక్కా, కాస్త తిప్పు” అన్నాను.

ఆమె రెండు చేతులూ వెనక్కి పెట్టుకుంది.

“వద్దు మే. నేను ముట్టుకుంటే విరిగిపోతాది. పసిబిడ్డ పండగ.”

నవ్వుతూనే అంది. పదకొండేళ్లలో ఆమె ఆ వంట ఒక్కసారి కూడా చేయలేదట. ప్రసన్న చెప్పింది. మామూలు పులుసుకు కూడా ‘ఉప్పు చూడు, నా చెయ్యి సరిగా లేదు’ అంటుందట. తర్వాత అందరూ తింటుంటే నా పక్కన కూర్చుని మెల్లగా అడిగింది: “ఆ పొద్దు నేను యాడ తప్పినానో నీకేమన్నా తెలుసా మే? యోచన చేస్తానే ఉండా.”

“మంట ఎక్కువైనట్టుందిలే అక్కా” అన్నాను.

మళ్లీ అన్నాను. చూశారుగా. మధ్యలో పదకొండేళ్లు పోయాయి, నోరు అదే నోరు. బస్సెక్కాక నా మీద నాకే ఎంత అసహ్యం వేసిందంటే, పనికి దిగాల్సిన పెనుకొండ స్టాపు దాటిపోయినా దిగలేదు. హిందూపురం దాకా పోయి మళ్లీ వెనక్కి వచ్చాను.

ఈ మాట ఆమె ముందు అనే ధైర్యం నాకు వస్తుందో రాదో తెలియదు. వచ్చినా ప్రసన్నకు ఆ బడి తిరిగి రాదు. క్షమించమని మిమ్మల్ని అడగడం లేదు, అది మీరిచ్చేది కాదు. ఒక్క మనిషికైనా నిజం తెలియాలి, అంతే. చేమిరి వేసింది నేను. పులిసిందని తెలిసి దాచింది నేను. వేసినావా అని అడిగితే లేదన్నది నేను. సుగుణక్క చెయ్యి ఏనాడూ చెడిపోలేదు.